నాలుగోసారి టికెట్ కొన్న పెద్దాయన

మా ఆలివ్ నూనె గానుగ చూడ్డానికి ఒకసారి వచ్చినవాళ్లు రెండోసారి రారు. మళ్లీ రావడానికి అందులో ఏముంది గనక? నలభై నిమిషాల్లో అయిపోతుంది. కాయలు నలిపే రాతి చక్రాలు చూపిస్తాను. నలిగిన ముద్దని గుండ్రటి చాపల మీద పరిచి, దొంతర పేర్చి, ప్రెస్సు కింద పెట్టడం చూపిస్తాను. అంచుల వెంట నూనె జారుతుంటే ఫొటోలు తీసుకుంటారు. చివర్లో బార్లీ రస్కు మీద కొత్త నూనె పోసి చేతికిస్తే తిని, మూతి తుడుచుకుని, ఒక సీసా కొనుక్కుని రెథిమ్నో పట్నానికి వెళ్లే వ్యాన్ ఎక్కుతారు. అలాంటిది ఆ పెద్దాయన నవంబరు మొదటి పదిహేను రోజుల్లోనే మూడుసార్లు వచ్చాడు.

డెబ్బై దాటిన మనిషి. బూడిదరంగు కోటు, చంకలో తోలుసంచి. జర్మన్లు, డచ్చివాళ్ల మధ్య ఒక్కడే మన గ్రీకు భాషవాడు, యాస మాత్రం తూర్పు దీవులది. పేరు అడిగితే లియాండ్రోస్ అన్నాడు. ఊరు అడిగితే "దూరం" అన్నాడు. చక్రాల వైపు కన్నెత్తి చూసేవాడు కాదు. నేను మాట్లాడినంతసేపూ చాపల దొంతర పక్కన నిలబడి ఉండేవాడు. మూడోసారి వచ్చినప్పుడు నన్ను పక్కకి పిలిచి ఒక్క ప్రశ్న వేశాడు.

"నూనె రుచి చూసేటప్పుడు మీ నాన్నగారి పక్కన మీ అమ్మగారు ఎప్పుడూ ఉంటారామ్మా?"

మామూలు రోజుల్లో అయితే నవ్వి ఊరుకునేదాన్నే. ఆ ఏడు మా ఇంట్లో మామూలు రోజులు లేవు.

కోతలు మొదలైన రెండోవారం నింపిన మూడో ట్యాంకు చెడిపోయింది. ఎనిమిది ఇళ్ల నూనె అది. మా నాన్న పోలిదోరోస్ ఒక్కో ఇంటి నూనె ప్రెస్సు దగ్గరే రుచి చూసి, బాగుంటే మంచి ట్యాంకులోకి, బాగోకపోతే వెనక ఉన్న పాత ట్యాంకులోకి వదులుతాడు. ఒక్క ఇంటి పాడునూనె కలిసినా మొత్తం పోతుంది. నలభై ఏళ్లలో నాన్న మాట ఒక్కసారి తప్పలేదు. కాయ ఏ వాలులో పండిందో, గోతాంలో ఎన్నాళ్లు మగ్గిందో ఒక్క గుక్కతో చెప్పేవాడు. అలాంటిది మూడో ట్యాంకు నూనెని కొన్నవాళ్లు తడిగోతాం కంపు కొడుతోందని వెనక్కి పంపేశారు. సబ్బులు చేసేవాళ్లకి కారుచౌకగా అమ్ముకోవాల్సి వచ్చింది.

ఊళ్లో నేరం కల్లియోపి మీద పడింది. చివరి వీధిలో ఒంటరిగా ఉంటుంది. పాతిక చెట్లు, కూలీలని పెట్టుకోలేక రాలిన కాయలు కూడా ఏరుకుంటుంది. "నేల కాయలు తెచ్చి అందరి నోట్లో మట్టి కొట్టింది" అని కాఫీ కొట్లో గట్టిగా అన్నది మా మేనమామ సిఫిస్. ఆయన నూనె కూడా ఆ ట్యాంకులోనే పడింది. నాన్న అక్కడే ఉన్నాడట. కాఫీ కప్పు కేసి చూస్తూ కూర్చున్నాడట. ఆయన ఊరుకుంటే ఇంకేముంది, ఊరు అవుననే అనుకుంది.

నేను మాత్రం కల్లియోపిని అనుమానించలేదు. మా అన్నయ్యని అనుమానించాను.

అన్నయ్య మనూసోస్‌కి రెండేళ్లుగా ఒకటే పట్టు. రాళ్లూ చాపలూ తీసేసి, స్టీలు యంత్రం పెడదామని. నాన్న వినడు. మూడో ట్యాంకు సంగతి బయటపడడానికి రెండు రోజుల ముందు, మిట్టమధ్యాహ్నం అందరూ భోజనాల దగ్గరుంటే అన్నయ్య ఒక్కడూ ట్యాంకుల గదిలో మూత ఎత్తి, తల లోపలికి పెట్టి ఉండడం నా కళ్లతో చూశాను. నన్ను చూసి మూత దించేసి, "ఎలకలు తిరుగుతున్నాయి" అని వెళ్లిపోయాడు. నూనె చెడితే నాన్న పద్ధతి చెడినట్టే కదా. ఇంటి దొంగని పట్టడం దేవుడి వల్ల కూడా కాదంటారు. అప్పట్నుంచి వాడి చేతుల వంక చూస్తూనే ఉన్నాను.

ఆ పెద్దాయన అడిగిన ప్రశ్న సంగతి చెప్పడానికి మాత్రం వాడి దగ్గరికే వెళ్లాను, ఇంకెవరున్నారు. లారీ మీంచి గోతాలు దించుతున్నాడు.

"ఎవరో కంపెనీ మనిషి," అన్నాడు అన్నయ్య. "మన పేరు ఎలాగూ పోయింది, గానుగ ఎంతకిస్తామని అడగడానికి వస్తాడు రేపో మాపో."

"నీకెలా తెలుసు?"

"నాకెలా తెలుస్తుంది? అనుకుంటున్నా."

"అమ్మ గురించి ఎందుకడుగుతాడు కంపెనీ మనిషి?"

అన్నయ్య గోతాం భుజం మీంచి దించి నావైపు తిరిగాడు. "నన్నడుగుతావేంటి అరిస్తేయా? వాణ్ణి లోపలికి తెచ్చింది నువ్వు. వారానికి నాలుగు వ్యాన్ల మనుషుల్ని తెస్తున్నది నువ్వు. ట్యాంకుల గది తలుపు ఎన్నిసార్లు బార్లా తెరిచి పెట్టావో నాకు తెలీదనుకున్నావా? ఎవడు ఏం పోశాడో, ఏ చెయ్యి ముంచాడో."

అప్పుడు అర్థమైంది, నేను వాడి చేతులు చూస్తున్నట్టే వాడు నా తలుపులు చూస్తున్నాడని. ఇద్దరం ఇంకో మాట లేకుండా గోతాలు లోపలికి లాగాం.

ఆ రోజుల్లో మా భోజనాలు అలాగే జరిగేవి. నత్తల కూర గిన్నె మధ్యలో ఉండేది. నాన్న తింటున్నాడో లేదో తెలిసేది కాదు. అంతకుముందు ఆయనకి ఉప్పు రవ్వ తగ్గినా, వాసనకి వేసే థైమ్ ఆకు ముదురైనా అమ్మకి క్లాసు పీకేవాడు. ఇప్పుడు ఏం పెట్టినా "బాగుంది" అంటున్నాడు. వయసు మెత్తబరిచిందనుకున్నాను. అమ్మ సంగతే నాకు ఇంకా వింతగా ఉండేది. పుట్టి బుద్ధెరిగాక అమ్మ ప్రెస్సు దగ్గరికి రావడం నేను చూడలేదు. "ఆ కంపులో నాకేం పని" అనేది. ఈ ఏడు నల్లరుమాలు తలకి కట్టుకుని, ఏ ఇంటి నూనె కారుతుంటే ఆ సమయానికి ఠంచనుగా అక్కడుండేది. గిన్నెతో నూనె పట్టి, తను ముందో చుక్క నాలిక మీద వేసుకుని, తర్వాత నాన్నకి ఇచ్చేది. నాన్న గిన్నెని వెలుతురుకేసి ఎత్తి పట్టుకుని, తాగి, మాట చెప్పేవాడు. ముసలితనంలో ముచ్చట్లు అని మా పనివాళ్లు నవ్వుకునేవాళ్లు. నేనూ నవ్వాను.

నాలుగోసారి ఆయన వచ్చింది ఒక గురువారం, దక్షిణపు గాలి వీచే రోజు. టికెట్ చింపి ఇస్తూ ఆయన కళ్లలోకే చూశాను. ఆయన తల దించుకున్నాడు. గుంపుతో చక్రాల గురించి మాట్లాడుతూనే ఓ కన్ను ఆయన మీద వేసి ఉంచాను. నేను అటు తిరిగానని అనుకున్నాక, కోటు జేబులోంచి చెంచా తీసి చాప అంచు మీంచి ముద్ద గీకి, చిన్న గాజుసీసాలో వేసి, మూత పెట్టి, సంచిలో దాచాడు.

దొరికాడు అనుకున్నాను. పరీక్షకి పంపుతాడు. కాగితం మీద మా పేరు రాయిస్తాడు.

గుంపు రస్కులు తింటుంటే ఆయన వ్యాన్ కోసం ఆగకుండా మెల్లగా రోడ్డు దిగి బస్సు స్టాపు వైపు నడిచాడు. చేతులు తుడుచుకోకుండానే వెనక పరిగెత్తాను. బెంచీ మీద కూర్చుని ఉన్నాడు. ఎదురుగా నిలబడ్డాను.

"ఆ సంచి తెరవండి."

తెరిచాడు. నేను చూసిన సీసాతో పాటు ఇంకా మూడున్నాయి. ఒకదాన్లో నిమ్మతొక్క, ఒకదాన్లో కాఫీపొడి, ఒకదాన్లో లవంగాలు.

"ఏంటివన్నీ? ఏ కంపెనీ మీది?"

"కంపెనీ కాదమ్మా, డాక్టరు," అన్నాడు. "పొద్దునా సాయంత్రం వీటిని వాసన చూడమన్నాడు. ముక్కుకి మళ్లీ నేర్పాలట, పిల్లలకి అక్షరాలు నేర్పినట్టు. ఏడాది నుంచీ చూస్తున్నా. నిమ్మా ఒకటే, లవంగమూ ఒకటే. అన్నీ గాలే."

నేను కదల్లేదు. అబద్ధాలు చెప్పేవాళ్లు కూడా ఇంత నెమ్మదిగానే చెబుతారు.

"మరి మా ముద్ద ఎందుకు?"

"నాక్కూడా గానుగ ఉండేది, లెస్వోస్ దీవిలో. మా అమ్మాయి రెథిమ్నోలో నర్సు, తన దగ్గరుంటున్నా. మొదటిసారి ఊరికే కాలక్షేపానికి వ్యానెక్కా. మీ చాపల పక్కన నిలబడ్డప్పుడు..." చేత్తో ముక్కు దగ్గర గాలిని చూపించాడు. "ఒక్క క్షణం వచ్చినట్టయింది. నిజంగా వచ్చిందో, నా ఆశో తెలీదు. అందుకే మళ్లీ వచ్చా. ఇవాళ కొంచెం దొంగిలించా కూడా. అడిగితే ఇచ్చేవారే. అడగడానికి సిగ్గేసింది."

బస్సు ఇంకా రాలేదు. బెంచీ ఈ చివర కూర్చున్నాను.

"మా అమ్మ గురించి ఎందుకడిగారు?"

ఆయన సీసాల మూతలు ఒక్కొక్కటే బిగించాడు.

"ముక్కు పోయాక నేను రెండు కోతలు దాచానమ్మా. నా భార్య అప్పటికే లేదు. నాకు గిన్నె అందించేవాళ్లు లేరు. రంగు చూసి చెప్పేవాణ్ణి. ఆకుపచ్చగా ఉంటే మంచిది, పసుపుగా ఉంటే పాతది అని. రంగు చూసి నూనె చెప్పేవాడు గానుగవాడేనా? పరీక్షలు పెట్టేచోట రంగు కనపడకుండా నీలంగ్లాసులో పోసి ఇస్తారు. మూడో ఏడు నా గుమ్మంలోకి ఒక్క గోతాం రాలేదు." నావైపు చూశాడు. "మీ నాన్న గిన్నెని వెలుతురుకి ఎత్తుతాడు. అంతకుముందు ఎత్తేవాడా?"

ఎత్తేవాడు కాదు. కళ్లు మూసుకుని తాగేవాడు.

"మీ అమ్మగారు కొన్నిసార్లు గిన్నె అంచుని ఏప్రాన్‌తో తుడిచి ఇస్తారు, కొన్నిసార్లు తుడవకుండా ఇస్తారు. తుడిచినప్పుడల్లా ఆ నూనె పాత ట్యాంకులోకే పోయింది. మూడుసార్లూ చూశా. చెప్పకూడదనుకున్నా, నువ్వు అడిగావు."

బస్సు వచ్చింది. ఆయన ఎక్కేదాకా నేను లేవలేదు.

ఎత్తు ఎక్కి ఇంటికి వస్తూ వారాలు వెనక్కి తిప్పుకున్నాను. మూడో ట్యాంకు నింపిన వారం అమ్మ మంచం మీదుంది. జలుబు. ముక్కు ఎర్రగా కందిపోయి, దిండు చుట్టూ రుమాళ్లు. ఆ వారం నాన్న ఒక్కడే రుచి చూశాడు.

అయినా నమ్మబుద్ధి కాలేదు. ముక్కూ మొహం తెలియని మనిషి నాలుగు సీసాలు చూపించి చెప్పిన మాట మీద కన్నతండ్రిని అనుమానిస్తానా? అనుమానించాను. మర్నాడు పొద్దున అమ్మ రొట్టెల కొట్టుకి వెళ్లేదాకా ఆగాను. వెనక ట్యాంకులో సబ్బులవాళ్ల కోసం ఉంచిన పాడునూనె గిన్నెలో పట్టాను. దగ్గరకి తీసుకోకముందే కంపు కొట్టింది.

నాన్న ప్రెస్సు దగ్గర మర బిగిస్తున్నాడు.

"నాన్నా, కల్లియోపి వాళ్లది. ఇప్పుడే కారింది."

"అమ్మేదీ?"

"రొట్టెలకి వెళ్లింది."

ఆయన పానా కింద పెట్టి, చేతులు ప్యాంటుకి తుడుచుకుని, గిన్నె అందుకున్నాడు. కిటికీ వైపు ఎత్తి చూశాడు. ఒక గుక్క తాగాడు. నాలిక మీద తిప్పాడు, పళ్ల మధ్య నుంచి గాలి పీల్చాడు, చిన్నప్పట్నుంచీ నేను చూసినట్టే.

"బాగుంది," అన్నాడు. "పచ్చిగడ్డి వాసన. మంచి ట్యాంకులోకి వదులు."

"సరే నాన్నా."

గిన్నె తీసుకుని రెండడుగులు వేశాను.

"అరిస్తేయా."

ఆగాను.

"నువ్వెందుకు తాగలేదు?"

మా ఇంట్లో గిన్నె పట్టినవాళ్లు తాగకుండా ఇంకొకరికి ఇవ్వరు. వెనక్కి తిరిగేసరికి నాన్న గోతాల మీద కూర్చుని ఉన్నాడు, అరచేతులు మోకాళ్ల మీద పెట్టుకుని.

"ఎక్కడిది అది?"

"వెనక ట్యాంకుది."

తలూపాడు. కోప్పడితే బాగుండేది.

"ఎప్పట్నుంచి?" అన్నాను.

"జూలైలో జ్వరం వచ్చిందే, అప్పట్నుంచి. మొదట వస్తుందిలే అనుకున్నా. అమ్మకి చెప్పేసరికి కోతలు నెత్తిమీదకొచ్చాయి."

"అన్నయ్యకి..."

"వాడికి తెలిస్తే రేపే యంత్రం వస్తుంది. ఊరికి తెలిస్తే యంత్రం వచ్చినా కాయలు రావు."

"కల్లియోపి వీధి మారి నడుస్తోంది నాన్నా, ఎవరి మొహమూ చూడలేక."

"ఆమె నాకు కనపడితే నేనూ వీధి మారుతున్నా," అన్నాడు.

అమ్మ రొట్టెల సంచితో గుమ్మంలోకి వచ్చింది. నా చేతిలో గిన్నె చూసింది, నాన్న మొహం చూసింది. సంచి కింద పెట్టి ఆయన పక్కన గోతాల మీద కూర్చుంది. నేను బయటికి వచ్చేశాను. లోపల ఏం మాట్లాడుకున్నారో ఇప్పటికీ తెలీదు.

బయట అన్నయ్య ఎదురైతే చెయ్యి పట్టుకుని గోడవారకి లాక్కెళ్లాను. "ఆ రోజు ట్యాంకులో తల పెట్టి ఏం చేస్తున్నావు?"

"వాసన తేడాగా అనిపించింది. నాన్న బాగుందన్నాడు కదా, నా ముక్కే చెడిందనుకుని మూసేశా." ఆగి, "నేనేదో కలిపాననుకున్నావా?" అన్నాడు.

"ఊఁ."

"మంచి చెల్లెలివే," అన్నాడు. అప్పుడు వాడికి అంతా చెప్పాను. గోడకి ఆనుకుని నిలబడి, "నాన్న నాతో ఎందుకు చెప్పలేదు?" అని మాత్రం అడిగాడు. యంత్రం మాట ఎత్తలేదు.

శనివారం మేనమామ సిఫిస్ కాయలు ఆడించాం. శనివారం గానుగ నిండా జనం ఉంటారు, ఎవరి వంతు కోసం వాళ్లు రాకీ సారా తాగుతూ కబుర్లాడుకుంటూ. కల్లియోపి కూడా తన రెండు గోతాల మీద కూర్చుని ఉంది, ఎవరూ పక్కన చేరకుండా. మామయ్య ముందు నిలబడ్డాడు, మీసం దువ్వుకుంటూ. నూనె కారింది. అమ్మ గిన్నె పట్టింది, చుక్క నాలిక మీద వేసుకుంది. ఏప్రాన్ అంచు చేతిలోకి తీసుకోవడం చూశాను. నాన్న ఆమె మణికట్టు పట్టుకున్నాడు.

"తుడవకు గరిఫాలియా," అన్నాడు. "నువ్వే చెప్పు."

అమ్మ ఆయన వైపు చూసింది. చక్రాలు తిరుగుతూనే ఉన్నాయి. నాన్న గొంతు పెంచాడు, చక్రాల చప్పుడుకి.

"నాకు జూలై నుంచీ వాసన తెలీదు. ఇన్నాళ్లూ చూసింది ఈవిడ. ఈవిడ మంచాన పడ్డ వారం నేను ఒక్కణ్ణే చూశా, మూడో ట్యాంకు చెడగొట్టా. కల్లియోపి తప్పు కాదు. నాది."

అన్నయ్య వెళ్లి చక్రాలు ఆపాడు.

"సరే బావా, జరిగిందేదో జరిగింది," అన్నాడు మామయ్య, నవ్వు తెచ్చుకుంటూ. "మా అక్క ఏమంటుంది? మంచి ట్యాంకేగా?"

"పాత ట్యాంకు," అంది అమ్మ.

"ఏంటక్కా?"

"ప్లాస్టిక్ సంచుల్లో పెట్టావు. పది రోజులైనా అయ్యుంటుంది. పులిసిపోయాయి." గిన్నె తమ్ముడి చేతికిచ్చింది. "మూడో ట్యాంకు ఎలా కంపు కొట్టిందో ఇదీ అలాగే ఉంది సిఫిస్. నువ్వే వాసన చూడు."

మామయ్య గిన్నె పట్టుకున్నాడు, ముక్కు దగ్గరికి మాత్రం తీసుకెళ్లలేదు. చుట్టూ అందరూ ఆయన్నే చూస్తున్నారు. గిన్నె గట్టు మీద పెట్టి, టోపీ తీసుకుని బయటికి నడిచాడు. పండగ దాకా మా గడప తొక్కలేదు. వెళ్లిన కాసేపటికి కల్లియోపి లేచింది. తన గోతాలు రెండూ చక్రాల దగ్గరికి ఈడ్చుకొచ్చి, అమ్మ ముందు పెట్టి, "ఇప్పుడు నావి చూడు" అంది. కొంతమంది ఇళ్లకి వెళ్లిపోయారు, గోతాలు లారీలో వేసుకుని. ఎక్కువమంది ఉండిపోయారు. అమ్మ మాట మీద.

ఆ ఏడు మేం తక్కువ నూనె ఆడాం. అమ్మ చూసి నింపించిన ట్యాంకుల్లో ఒక్కటీ వెనక్కి రాలేదు. లియాండ్రోస్ ఇంకో రెండుసార్లు వచ్చాడు. అమ్మ టికెట్ కొననివ్వలేదు. ఎప్పటికప్పుడు తాజా ముద్ద సీసాలో పెట్టి ఇచ్చేది. వాసన వచ్చిందా అని ఎవరమూ అడగలేదు, ఆయనా చెప్పలేదు.

డిసెంబరులో నాన్నకి ప్రెస్సు దగ్గర పని తగ్గింది. ఒకరోజు నాకు గొంతు పట్టేస్తే నా బదులు గుంపు ముందు నిలబడ్డాడు. ఆ తర్వాత ఆ పని నాకు తిరిగి ఇవ్వలేదు. ఆయన మన భాషలో చెబితే నేను పక్కన ఇంగ్లీషులోకి మార్చేదాన్ని. చక్రాల గురించి నాలుగు ముక్కల్లో తేల్చేసేవాడు. నూనె దగ్గరికొచ్చేసరికి ఆగేవాడు. అందరికీ గిన్నెలు ఇచ్చి, తను మాత్రం తీసుకోకుండా అడిగేవాడు.

"బాగుందని చెప్పకండి. దేని వాసనలా ఉందో చెప్పండి."

చాలామంది ఆలోచించి, చివరికి బాగుందనే అనేవాళ్లు. ఒకరోజు ఒక డచ్చి ఆవిడ కళ్లు మూసుకుని చెప్పింది. చిన్నప్పుడు వాళ్ల అమ్మమ్మ పెరట్లో టమాటా మొక్కల మధ్య నడిస్తే ఆకులు చేతులకి రాసుకునేవట, ఆ వాసన అంది. నేను నాన్నకి చెప్పాను.

"తడి ఆకులా, ఎండవి?" అని అడిగాడు.

ఆవిడ గిన్నె మళ్లీ ముక్కు దగ్గర పెట్టుకుంది. "తడివి," అంది.

నాన్న తలూపాడు. వెనకనించి వ్యాను డ్రైవరు హారన్ కొట్టాడు. ఆయన వినిపించుకోలేదు.

"ఇంకా?" అన్నాడు.